పాతకాలం అమెరికన్ పోర్క్ చాప్ క్యాసరోల్: అపోహలు, వాస్తవాలు

అయోవాలో పెద్దవాళ్ళు ఉండే ఒక హోమ్‌లో కిచెన్ పని నాది, అక్కడ మెనూలోంచి ఎప్పుడూ తీసెయ్యని ఐటమ్స్‌లో ఈ క్యాసరోల్ ఒకటి, అంటే అన్నీ ఒకే డిష్‌లో పేర్చి ఓవెన్‌లో చేసే వంట. కింద బంగాళదుంప చక్రాలో బియ్యమో, పైన ఎముకతో ఉన్న పోర్క్ చాప్స్ (మందంగా కోసిన పంది మాంసం ముక్కలు), వాటి మీద మష్రూమ్ సూప్ డబ్బా, మీద ఫాయిల్ మూత, ఓవెన్‌లో గంట పైన. 1950లు, 60లలో ఈ మిడ్‌వెస్ట్ (అమెరికా ఉత్తర మధ్య రాష్ట్రాలు) ఇళ్ళల్లో, చర్చి భోజనాల్లో బాగా నడిచిన వంట ఇది. ఇక్కడున్న మనవాళ్ళల్లో పోర్క్ తినేవాళ్ళు, పిల్లలు ఫ్రెండ్స్ ఇంట్లో తినొచ్చి అడిగారనో, ఊరికే ఒకసారి చూద్దామనో మొదలుపెడతారు, నెట్‌లో ఏదో పాత రెసిపీ కార్డు దొరుకుతుంది, అక్షరం పొల్లుపోకుండా అలాగే చేస్తారు, చాప్ కాస్తా చెక్క ముక్కలా తయారవుతుంది. ఆ తర్వాత నన్ను అడుగుతారు. అడిగిన ప్రతివాళ్ళకీ విడివిడిగా చెప్పే బదులు ఇక్కడ ఒకచోట రాసేస్తున్నా.

అపోహ: పాత రెసిపీ కదా, అందులో ఉన్నట్టే చేస్తే ఆ కాలం రుచి వచ్చేస్తుంది.

రాదండి, ఎందుకంటే రెసిపీ పాతది గానీ పంది కొత్తది. నేను చెప్పాలనుకున్న అసలు విషయం ఇదే. రెండో ప్రపంచ యుద్ధం ముందు దాకా ఇక్కడ పందుల్ని మాంసంతో పాటు కొవ్వు కోసం కూడా పెంచేవాళ్ళు, లార్డ్ అంటే పంది కొవ్వే వంటింట్లో నూనె. తర్వాత వెజిటబుల్ షార్టెనింగులు, నూనెలు వచ్చి లార్డ్‌కి గిరాకీ పడిపోయింది, దాంతో రైతులు కొవ్వు తక్కువ, కండ ఎక్కువ ఉండే రకాల వైపు వెళ్ళిపోయారు. 1987లో అయితే 'ది అదర్ వైట్ మీట్' అని చికెన్‌కి పోటీగా యాడ్స్ కూడా వేశారు (అమెరికా వ్యవసాయ శాఖ, అంటే యూఎస్‌డీఏ లెక్కలో ఇది రెడ్ మీటే, అది వేరే సంగతి). అంటే 1955లో రాసిన కార్డు మీద 350 డిగ్రీల ఫారెన్‌హీట్, గంటంపావు అని ఉంటే ఆ రాసినావిడ చేతిలో ఉన్నది కొవ్వు బాగా పట్టిన చాప్, మీ చేతిలో ఉన్నది సూపర్ మార్కెట్ సెంటర్ కట్ లాయిన్ చాప్ (వీపు దగ్గర ముక్క), దానికి ఆ గంటంపావు తట్టుకునే కొవ్వు లేదు.

కాబట్టి కార్డులో టైమ్ మార్చకుండా చెయ్యాలనుకుంటే చాప్ మార్చండి. బ్లేడ్ చాప్ అనో షోల్డర్ చాప్ అనో అడగండి, భుజం దగ్గర ముక్క. చూస్తే తెలిసిపోతుంది, ఒకటే నున్నటి కండలా ఉండదు, మూడు నాలుగు కండలు కలిసి, మధ్యలో తెల్లటి కొవ్వు చారలు, ఒక పక్కన పలచటి ఎముక. చూడ్డానికి అంత అందంగా ఉండదు, ధర కూడా సాధారణంగా తక్కువే. అందులో ఉండే కొలాజెన్ (కండల్ని పట్టి ఉంచే గట్టి పదార్థం) 180 డిగ్రీల ఫారెన్‌హీట్ పైన ఎక్కువసేపు ఉంటే కరిగి జెలటిన్ అవుతుంది, అందుకే గంట దాటినా మెత్తగా, జిగురుగా, సాస్‌లో కలిసిపోయేలా వస్తుంది. లాయిన్‌లో ఆ కొలాజెన్ తక్కువ, వేడి పెరిగేకొద్దీ పిండేసినట్టు నీరంతా వదిలేస్తుంది, ఎముక లేని సన్న చాప్స్ అయితే మరీ త్వరగా. ఎంత సాస్ పోసినా లోపల పోయిన నీరు తిరిగి రాదు, ఇది చాలామంది నమ్మరు, "గ్రేవీలోనే ఉడికింది కదా ఎందుకు ఎండిపోయింది" అంటారు.

అపోహ: అన్నీ పచ్చివే పేర్చి ఓవెన్‌లో పెట్టేసి మర్చిపోవచ్చు, క్యాసరోల్ గొప్పతనమే అది.

షోల్డర్ చాప్‌తో అయితే దాదాపు నిజమే. లాయిన్ చాప్‌తో కాదు. పచ్చి బంగాళదుంప మెత్తబడాలంటే లోపల 205 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గరికి రావాలి, లాయిన్ చాప్‌కి 145 చాలు. ఒకే డిష్‌లో ఈ రెండూ ఒకేసారి మొదలుపెడితే ఒకటి పచ్చిగా అయినా ఉంటుంది, రెండోది ఎండి అయినా పోతుంది, మధ్యే మార్గం లేదు.

నేను చేసేది ఇలా. కిలో బంగాళదుంపలు 3 మిల్లీమీటర్ల మందాన చక్రాలు కోసి, ఒక ఉల్లిపాయ సన్నగా తరిగి, 9 బై 13 అంగుళాల డిష్‌లో వరసలుగా పేర్చి, సూప్ డబ్బాలో ముప్పావు కప్పు పాలు కలిపి పోసి, మిరియాల పొడి జల్లి, ఫాయిల్ గట్టిగా బిగించి 350లో పెడతా. చక్రాలు మందంగా కోస్తే లెక్క మొత్తం మారిపోతుంది, అక్కడ మాత్రం బద్ధకించొద్దు. 50 నిమిషాల తర్వాత ఫాయిల్ ఒక మూల లేపి (ఆవిరి మొహానికి కొట్టకుండా మీకు దూరంగా ఉన్న మూల) నడి మధ్యలో చాకు మొన దింపి చూడండి, అంచుల్లో కాదు, అంచులు ఎప్పుడూ ముందే ఉడుకుతాయి. చాకు దిగుతూ చివర్లో కొంచెం పట్టినట్టు ఉంటే అదీ టైమ్. మొత్తం వెన్నలోకి దిగినట్టు దిగిపోతే కొంచెం ఆలస్యమైంది, పర్లేదు. ఇంకా కరకర మంటుంటే మళ్ళీ మూసి 10 నిమిషాలు. ఈలోపు అంగుళం మందం చాప్స్‌ని తడి తుడిచి, బాగా వేడెక్కిన ఇనప పెనం మీద ఒక్కో పక్క రెండు నిమిషాలు ఎర్రగా కాల్చి, దుంపల మీద పరిచి, పెనంలో పావు కప్పు నీళ్ళు పోసి అడుగున అంటుకున్న ఆ ముదురు రంగు మడ్డి అంతా గరిటెతో గీకి అది కూడా పైన పోసెయ్యండి, రుచిలో సగం అందులోనే ఉంటుంది. మూత లేకుండా ఓవెన్‌లో పెట్టి 15 నిమిషాల నుంచే థర్మామీటర్ పట్టుకోండి. చాప్ పైనుంచి కాదు, పక్కనుంచి మధ్యలోకి గుచ్చాలి, ఎముకకి తగలకూడదు. 145 చూపించగానే తీసెయ్యండి. కనీసం 3 నిమిషాలు ఆగమంటారు, నేను 10 నిమిషాలు ఆగుతా, అప్పటికి సాస్ కూడా చిక్కబడుతుంది.

బియ్యంతో చేసేవాళ్ళకి ఒక మాట. పాత రెసిపీల్లో బియ్యం అంటే లాంగ్ గ్రెయిన్, సోనా మసూరి వేస్తే ముద్దయిపోతుంది. కప్పు లాంగ్ గ్రెయిన్‌కి సూప్ డబ్బా ఒకటి, కప్పున్నర వేడి నీళ్ళు, ఫాయిల్ అస్సలు సందు లేకుండా. ఆవిరి బయటికి పోయిందంటే పైన గింజలు పలుకుగా మిగిలిపోతాయి.

అపోహ: ముందే పెనం మీద కాలిస్తే రసం లోపల లాక్ అవుతుంది.

19వ శతాబ్దంలో యుస్టుస్ ఫాన్ లీబిగ్ అనే జర్మన్ కెమిస్ట్ చెప్పిన మాట ఇది, తప్పని ఎప్పుడో తేలిపోయింది గానీ ఇంకా టీవీ వంటల్లో వినబడుతూనే ఉంది. పెనం మీద కాల్చిన ముక్క నుంచి కూడా రసం కారుతూనే ఉంటుంది, ఆ చుంయ్ మనే చప్పుడు కారిన రసం ఆవిరవడమే. అయినా కాల్చండి, రంగు కోసం, రుచి కోసం.

అపోహ: లోపల గులాబీ రంగు కనిపిస్తే పచ్చిది, పురుగులు ఉంటాయి, మెదడులోకి ఎక్కుతాయి.

దీని గురించి కొంచెం వివరంగా చెప్పాలి ఎందుకంటే ఇందులో రెండు వేరే వేరే భయాలు కలిసిపోయాయి. అమెరికాలో పాత భయం ట్రైకినెల్లా అనే పురుగు, అందుకే ఆ తరం వాళ్ళు చాప్‌ని తెల్లగా ఎండేదాకా వండేవాళ్ళు. అది 137 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గరే చచ్చిపోతుంది, పైగా ఇక్కడి ఫారాల్లో దాణా పద్ధతులు మారాక ఫారం పందుల్లో దాదాపు పోయింది, ఇప్పుడు ఇక్కడ వచ్చే కేసులు ఎక్కువగా ఎలుగుబంటి లాంటి వేట మాంసం తిన్నవాళ్ళవి. 2011లో యూఎస్‌డీఏ ముక్క మాంసానికి లోపల రావాల్సిన వేడిని 160 నుంచి 145కి తగ్గించింది, 3 నిమిషాలు ఆగాలనే షరతుతో. 145 దగ్గర లేత గులాబీ ఉండొచ్చు, తప్పు లేదు. కీమాకి మాత్రం ఇప్పటికీ 160.

మనవాళ్ళు భయపడేది వేరే, టేప్‌వార్మ్. సరిగ్గా ఉడకని, తిత్తులున్న పంది మాంసం తింటే పేగుల్లో బద్దె పురుగు పెరుగుతుంది, అది నిజం. కానీ మెదడులో తిత్తులు వచ్చి ఫిట్స్ రావడానికి కారణం నేరుగా ఆ మాంసం కాదు, ఆ పురుగు ఉన్న మనిషి మలం నుంచి నీళ్ళకో, కూరగాయలకో, చేతులకో అంటిన గుడ్లు నోట్లోకి పోవడం. అందుకే జన్మలో పోర్క్ ముట్టని వాళ్ళకి కూడా అది వస్తుంది. ఇండియాలో ఉండి వండేవాళ్ళకి నా సలహా, పంది ఎక్కడ పెరిగిందో తెలియకపోతే గులాబీ రంగు మాటే వద్దు, షోల్డర్ ముక్క తీసుకుని గంటంపావు పూర్తిగా ఉడికించండి, పాత కార్డు మీ ఇంట్లో అచ్చంగా పనికొచ్చేది అప్పుడే. చేతులు, సలాడ్ కూరలు శుభ్రంగా కడుక్కోండి.

అపోహ: పోర్క్‌ని పసుపు, ఉప్పు వేసి నాలుగుసార్లు కడిగి, ఒకసారి ఉడికించి ఆ నీళ్ళు పారబోస్తేనే వాసన పోతుంది.

ఇంట్లో అమ్మలు అలా నేర్పారు, ఆ రోజుల్లో సంత మాంసానికి దానికో కారణం ఉంది, నేను కాదనను. వాసన ముఖ్యంగా విత్తులు కొట్టించని మగ పంది మాంసంలో వస్తుంది, ఇక్కడ మగ పంది పిల్లలకి చిన్నప్పుడే విత్తులు తీసేస్తారు కాబట్టి ప్యాకెట్ పోర్క్‌లో ఆ సమస్య సాధారణంగా ఉండదు. సింక్‌లో కడిగితే క్రిములు పోవు, చుట్టూ చిమ్ముతాయి. పేపర్ టవల్‌తో ఒత్తి తుడవండి, చాప్ ఎర్రగా కాలాలన్నా తడి లేకుండా ఉండటమే ముఖ్యం. ముందే ఉడికించి నీళ్ళు పారబోస్తే ఈ వంటలో ఇంక మిగిలేది ఏమీ లేదు.

ప్యాకెట్ మీద చిన్న అక్షరాల్లో ఉప్పునీటి ద్రావణం ఇంత శాతం కలిపామని ఉంటే మళ్ళీ ఉప్పునీళ్ళలో నానబెట్టకండి. అలా రాసి లేకపోతే లీటరు నీళ్ళకి 50 గ్రాముల ఉప్పు వేసి లాయిన్ చాప్స్‌ని ఫ్రిజ్‌లో ఒక గంట ఉంచండి, తేడా మీకే తెలుస్తుంది.

అపోహ: డబ్బా సూప్ వాడితే అది వంటే కాదు. దీనికి పక్కనే ఇంకో అపోహ: డబ్బా లేకపోతే ఈ వంట రాదు.

రెండూ కాదు. క్యాంప్‌బెల్స్ కంపెనీ వాళ్ళ కండెన్స్‌డ్ (నీళ్ళు తగ్గించి చిక్కగా చేసిన) సూప్ 1897 నాటిది, క్రీమ్ ఆఫ్ మష్రూమ్ 1934లో వచ్చింది, మినసోటా వైపు హాట్‌డిష్‌లకి (క్యాసరోల్‌కి అక్కడి పేరు) అదే ఆధారం అయిపోయింది. డబ్బాలో పిండి ఉంటుంది కాబట్టి ఓవెన్‌లో పాలు విరగవు, దాని అసలు ఉపయోగం అది. ఉత్త పాలు పోస్తే గడ్డలు కట్టి నీళ్ళు తేలతాయి. ఇంట్లో చెయ్యాలంటే పావుకిలో పుట్టగొడుగులు వెన్నలో నీరంతా ఇంకేదాకా వేయించి, మూడు టేబుల్ స్పూన్ల మైదా వేసి పచ్చివాసన పోయేదాకా తిప్పి, రెండు కప్పుల పాలు కొంచెం కొంచెంగా పోస్తూ చిక్కబరచండి, అంతే, డబ్బా పాలు రెండూ కలిపి వాడే చోట ఇది సరిపోతుంది. నాకు ఇంట్లో ఇదే ఇష్టం, హోమ్‌లో పెద్దవాళ్ళకి మాత్రం డబ్బా రుచే కావాలి, వాళ్ళు పెరిగిన రుచి అది. డబ్బా మొత్తంలో సోడియం రెండు గ్రాములు దాటుతుంది, బీపీ ఉన్నవాళ్ళు ఇంట్లో ఉంటే విడిగా ఉప్పు వెయ్యకండి.

మసాలా సంగతి కూడా అడుగుతారు. గరం మసాలా వేస్తే వేరే కూర అవుతుంది, బాగానే ఉండొచ్చు గానీ ఇది కాదు. సేజ్, థైమ్ (రెండూ వాసన ఆకులు), ఒక స్పూన్ ఆవ ముద్ద, మిరియాలు దండిగా. కారం కావాల్సినవాళ్ళు కంచంలో వేసుకుంటారు.

అపోహ: ఓవెన్ గ్లాస్ డిష్ కదా, స్టవ్ మీద కూడా పెట్టొచ్చు. పెట్టకూడదు, పగిలిపోతుంది. ఫ్రిజ్‌లోంచి తీసి నేరుగా వేడి ఓవెన్‌లోకి కూడా వద్దు, వేడి గ్లాస్‌లో చల్లటి పాలు అసలే వద్దు.

మిగిలింది రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లోకి వెళ్ళిపోవాలి, మూడు నాలుగు రోజులు ఉంటుంది. మర్నాడు వేడి చేసేటప్పుడు 165 దాకా రావాలి, దుంపలకి పర్లేదు గానీ లాయిన్ చాప్ అప్పుడు గట్టిపడుతుంది, అందుకే చాప్‌ని సన్నగా కోసి సాస్‌లో కలిపేసి, రెండు స్పూన్ల పాలు చిలకరించి, మూత పెట్టి వేడి చెయ్యండి.