స్తవీన్‌స్కి స్క్రీన్‌ప్లేలు: అపోహలు – వాస్తవాలు

పోలెండ్ సినిమాల ప్రస్తావన వచ్చినప్పుడల్లా దర్శకులు ఆంద్జెయ్ వైదా, ఆంద్జెయ్ ముంక్ పేర్లే వినిపిస్తాయి. వారి తొలినాటి ముఖ్య చిత్రాల్లో కొన్నింటికి కథ, స్క్రీన్‌ప్లే సమకూర్చిన యెజి స్తెఫాన్ స్తవీన్‌స్కి (1921–2010) పేరు తలచుకునేవారు తక్కువ. స్క్రీన్‌ప్లే రచనే వృత్తిగా ఉన్నవాణ్ణి కనుక, ఈ విషయంలో తరచుగా వినే అపోహలను ఇక్కడ పరిశీలిస్తున్నాను.

అపోహ: వైదా తీసిన ‘కనావ్’ (అంటే మురుగు కాలువ) పూర్తిగా దర్శకుడి సృష్టి.

వాస్తవం: జర్మన్ ఆక్రమణపై 1944లో జరిగిన వార్సా తిరుగుబాటులో స్తవీన్‌స్కి, పోలెండ్ రహస్య ప్రతిఘటన సైన్యమైన హోమ్ ఆర్మీలో అధికారిగా పోరాడారు. సెప్టెంబరు చివర్లో వార్సాలోని మొకోతూఫ్ ప్రాంతం చేజారుతుండగా, తన దళంతో కలిసి భూగర్భ మురుగు కాలువల్లోకి దిగారు. ఆ అనుభవాన్ని మొదట కథగా రాసి, తరువాత తానే స్క్రీన్‌ప్లేగా మలిచారు. వైదా ఆ పోరాటంలో లేరు. 1957లో కాన్ చిత్రోత్సవంలో ఈ చిత్రం ప్రత్యేక జ్యూరీ బహుమతిని స్వీడన్ దర్శకుడు బెర్గ్‌మన్ తీసిన ‘సెవెంత్ సీల్’తో పంచుకుంది.

అపోహ: అంతటి అనుభవం ఉన్నవాడు జరిగింది జరిగినట్టు రాస్తే చాలు.

వాస్తవం: జరిగింది జరిగినట్టయితే ఆయన ప్రాణాలతో బయటపడ్డారు, ఆయన రాసిన దళనాయకుడు జాద్రాకు ఆ అదృష్టం లేదు. చిత్రం మొదట్లోనే ఒక గొంతు ఆ మనుషులను ఒక్కొక్కరినీ పరిచయం చేసి, ఇవి వీరి ఆఖరి గంటలని చెప్పేస్తుంది. బతుకుతారా లేదా అన్న ఉత్కంఠను రచయిత చేజేతులా వదులుకున్నాడన్నమాట. మన దగ్గర కథాచర్చల్లో ఎవరైనా ముగింపును ఇలా ముందే చెప్పేద్దామంటే వెంటనే అడ్డు చెబుతారు. అయితే ఆ ఉత్కంఠ స్థానంలో ఆయన పెట్టింది ఒక అబద్ధం. దళం దారి తప్పి విడిపోయిందని తెలిసినా, అందరూ వెనకే వస్తున్నారని సార్జెంటు కూలా నాయకుడికి చెబుతూనే ఉంటాడు. పైకి వచ్చాక నిజం తెలిసిన జాద్రా అతన్ని కాల్చి, తన మనుషుల కోసం మళ్లీ కాలువలోకే దిగిపోతాడు. ఆ చిన్న అబద్ధం మీదే ముగింపు మొత్తం నిలిచింది.

అపోహ: తుపాకీ పట్టినవాడు వీరగాథలే రాస్తాడు.

వాస్తవం: స్తవీన్‌స్కి రచనతో ముంక్ తీసిన ‘ఎరోయికా’ (1958) తొలి భాగంలో కథానాయకుడు తిరుగుబాటుకు దూరంగా ఉండాలనుకునే బ్లాక్ మార్కెట్ వ్యాపారి. రెండో భాగం యుద్ధఖైదీల శిబిరంలో నడుస్తుంది. ఒక అధికారి తప్పించుకుపోయాడన్న నమ్మకమే తోటి ఖైదీలకు ధైర్యం. నిజానికి అతడు అక్కడే అటకమీద దాక్కుని ఉంటాడు. వీరత్వాన్ని కళ్లారా చూసిన మనిషికే దాన్ని ఇంత నిర్దాక్షిణ్యంగా పరీక్షించే హక్కు ఉంటుందని నా అభిప్రాయం.

అపోహ: యుద్ధం తప్ప ఆయనకు మరో వస్తువు లేదు.

వాస్తవం: అదే ముంక్‌కు ఆయన రాసిన ‘పట్టాలపై మనిషి’ రైలు కింద పడి మరణించిన ఒక ఇంజిన్ డ్రైవరు గురించి జరిగే విచారణ; విద్రోహి అనుకున్నవాడే రైలును కాపాడబోయాడని వేర్వేరు సాక్ష్యాల ద్వారా తేలుతుంది. 1960లలో ఆయన స్వయంగా దర్శకత్వమూ వహించారు గానీ, ఇతరులకు రాసి ఇచ్చిన చిత్రాలే అంతకంటే గట్టివని నేననుకుంటాను.