మైక్ ఆన్ చేస్తే అడుగుల చప్పుడు ఎటు పోతోంది? బ్లూటూత్ వాయిస్ చాట్ గొడవ వెనుక కథ

కొత్త ఇయర్‌బడ్స్ కొన్నారు. ల్యాప్‌టాప్‌కో, ఫోన్‌కో కలిపారు. పాట పెడితే బ్రహ్మాండంగా ఉంది. గేమ్ తెరిచి, స్క్వాడ్‌లో, అంటే జట్టులో, చేరి మైక్ ఆన్ చేశారో లేదో, శబ్దమంతా రేకు డబ్బాలో పడ్డట్టు అయిపోయింది. మీ గొంతు అవతలివాళ్లకు నూతిలోంచి వస్తున్నట్టుంది. మీకేమో తుపాకీ మోత కూడా పాత ల్యాండ్‌ఫోన్‌లో విన్నట్టుంది. మైక్ ఆపేస్తే మళ్లీ అంతా మామూలే.

ఈ గొడవ ఏళ్ల తరబడి ఉన్నదే. 2025 ఆగస్టులో మైక్రోసాఫ్ట్ చేసిన ఒక ప్రకటనతో మళ్లీ రాజుకుంది. విండోస్ 11లోని 24హెచ్2 వెర్షన్‌లో, ఎల్ఈ ఆడియో అనే కొత్త బ్లూటూత్ పద్ధతి ఉన్న హెడ్‌సెట్ వాడితే, ఇకపై మైక్ ఆన్ చేసినా గేమ్ శబ్దం స్టీరియోలోనే, అంటే ఎడమ చెవికీ కుడి చెవికీ వేరువేరుగా, ఉంటుందని ఆ కంపెనీ చెప్పింది. ఎదురుచూసిన మాట అది. దాంతో డబ్బా మీద ఎల్ఈ ఆడియో అని రాసి ఉన్న బడ్స్ వెతికి కొన్నవాళ్లున్నారు. కొన్నాక చాలామందికి తేడా ఏమీ కనబడలేదు. అడిగితే బడ్స్ అమ్మినవాళ్లు కంప్యూటర్ సెట్టింగ్స్ చూసుకోమంటారు. కంప్యూటర్‌వాళ్లు డ్రైవర్ (చిప్‌ను నడిపే సాఫ్ట్‌వేర్) అప్‌డేట్ చేసుకోమంటారు. గేమ్‌వాళ్ల సహాయం పేజీ మైక్ అనుమతి ఇచ్చారో లేదో చూసుకోండి, గేమ్ తీసేసి మళ్లీ వేసుకోండి అంటుంది. అందరి సలహాల్లోనూ తప్పు ఆటగాడిదే.

ఆటల్లో మాట్లాడుకోవడం ఎలా మొదలైందో, పాత రోజుల్లో గేమ్ పక్కన వేరే సాఫ్ట్‌వేర్ తెరిచి ఎలా మాట్లాడుకునేవాళ్లో ఇక్కడ చెప్పుకోవాల్సిన పనిలేదు. 2002 నవంబర్‌లో మైక్రోసాఫ్ట్ ఆన్‌లైన్ గేమ్ సేవ ఎక్స్‌బాక్స్ లైవ్ మొదలైనప్పుడు కిట్‌లోనే హెడ్‌సెట్ ఇచ్చారన్న ఒక్క విషయం గుర్తుంచుకుంటే చాలు. అది తీగ ఉన్న హెడ్‌సెట్. తీగలో వినేదానికి ఒక దారి, మాట్లాడేదానికి ఒక దారి వేరువేరుగా ఉంటాయి. ఒకటి తెరిస్తే రెండోది ఇరుకైపోదు.

నా లెక్కలో అసలు మలుపు 2016 సెప్టెంబర్. ఆ నెల 5న మన దగ్గర జియో సేవలు మొదలయ్యాయి. 7న అమెరికాలో ఆపిల్ ఐఫోన్ 7ను చూపించింది, అందులో ఇయర్‌ఫోన్ తీగ గుచ్చే 3.5 ఎంఎం జాక్ లేదు. జాక్ లేని ఫోన్ అంతకుముందూ ఒకటీ అరా వచ్చింది గానీ, మిగతా కంపెనీలకు దారి చూపించింది మాత్రం ఇదే. అదే వేదిక మీద ఎయిర్‌పాడ్స్ కూడా చూపించారు. 2018 అక్టోబర్‌లో వన్‌ప్లస్ 6టీలో జాక్ పోయింది, 2019 ఆగస్టులో గెలాక్సీ నోట్ 10లో పోయింది. ఒక పక్క చేతినిండా డేటా వచ్చింది, ఇంకో పక్క చెవిలోంచి తీగ పోయింది. ఈ రెండూ కలిసే చోటికి 2018 మార్చిలో పబ్జీ మొబైల్ వచ్చింది. నలుగురు మాట్లాడుకుంటూ ఆడే ఆట. లాక్‌డౌన్ నెలల్లో గుంటూరులో ఒకడు, కరీంనగర్‌లో ఒకడు, బెంగళూరు పీజీలో ఇద్దరు కలిసి "మైక్ ఆన్ చెయ్ రా, వినిపిస్తోందా?" అంటూ రాత్రంతా కూర్చున్నారు. వాళ్లలో ఎంతోమంది చెవుల్లో అప్పటికే బ్లూటూత్ ఉంది.

కాని బ్లూటూత్ ఇలాంటి వాడకానికి పుట్టింది కాదు. ఇక్కడ కొంచెం వెనక్కి వెళ్లాలి.

1990ల చివర్లో బ్లూటూత్‌ను రూపొందించినప్పుడు, చెవికి పెట్టుకునే పరికరంతో పని అంటే ఫోన్ కాల్. కారు నడుపుతూ చేతులు వాడకుండా మాట్లాడటం. అందుకే ఆ దారికి హ్యాండ్స్-ఫ్రీ అన్న పేరే స్థిరపడింది. అందులో మాట అటూ ఇటూ నడుస్తుంది, కానీ సన్నగా నడుస్తుంది. సెకనుకు 64 కిలోబిట్లు, 8 కిలోహెర్ట్జ్ శాంప్లింగ్ (శబ్దాన్ని సెకనుకు 8 వేల సార్లు కొలవడం), ఒకే ఛానల్, అంటే రెండు చెవులకూ ఒకే శబ్దం. అంటే ల్యాండ్‌ఫోన్ నాణ్యత. 2011లో దాన్ని 16 కిలోహెర్ట్జ్ దాకా పెంచారు. మాట కొంచెం తేటపడింది గానీ ఛానల్ మాత్రం ఒకటే.

పాటల కోసం తర్వాత ఇంకో దారి వేశారు. అందులో స్టీరియో ఉంది, నాణ్యత ఉంది. కానీ అది ఒకవైపే నడిచే దారి, ఫోన్ నుంచి చెవికి మాత్రమే. మైక్ నుంచి తిరిగి రావడానికి అందులో చోటు పెట్టలేదు. పాట వినేవాడు తిరిగి పాడడు కదా, అప్పటికి అది సరైన ఆలోచనే.

గేమ్‌లో ఉన్నవాడికి రెండూ కావాలి. శబ్దం స్టీరియోలో రావాలి, గొంతు తిరిగి వెళ్లాలి. పాత బ్లూటూత్‌లో ఈ రెండూ ఒకేసారి కుదరవు. మైక్ తెరుచుకోగానే పరికరం పాటల దారి వదిలేసి కాల్ దారిలోకి దిగుతుంది. దాంతోపాటు గేమ్ శబ్దం కూడా ఆ సన్నదారిలోకే దిగాల్సి వస్తుంది. ఇందులో పాడైపోయిన వస్తువంటూ ఏదీ లేదు. డిజైన్ చేసినట్టే పనిచేస్తోంది.

దీనివల్ల పోయేది నాణ్యత ఒక్కటే అయితే సర్దుకోవచ్చు. పోయేది దిక్కు. ఒక చప్పుడు ఎడమ నుంచి వస్తోందా, కుడి నుంచి వస్తోందా అన్నది మన మెదడు రెండు చెవుల మధ్య తేడాను బట్టి పట్టుకుంటుంది. ఆ తేడా సెకనులో వెయ్యో వంతు కూడా ఉండదు, అయినా పట్టుకుంటుంది. రెండు చెవుల్లోకీ ఒకే శబ్దం పంపితే ఆ తేడా మాయమైపోతుంది. మా పిన్ని కొడుకు కొత్త బడ్స్ కొన్న వారం నాకు ఇది కళ్లకు కట్టింది. గేమ్‌లో ఇద్దరం ఒక మూడంతస్తుల ఇంట్లో దాక్కున్నాం. మెట్ల మీద అడుగులు. నాకు తీగ ఇయర్‌ఫోన్స్, కుడి పక్కనుంచి స్పష్టంగా వినబడుతున్నాయి. వాడు మైక్ ఆన్‌లో పెట్టుకుని, "అన్నా, ఎవడో వస్తున్నాడు, ఎటో తెలీట్లేదు" అంటున్నాడు. అంటూనే ఎడమవైపు తిరిగాడు. అంతే, తూటా తగిలి నాక్ అయ్యాడు, కింద పడిపోయాడు. ఆ తర్వాత నెల రోజులు వాడు తన ఆటే బాగాలేదనుకున్నాడు. మ్యాచ్ అయ్యాక ఏం తప్పు చేశానని నన్ను పదేపదే అడిగేవాడు. వాడు చేసిన తప్పల్లా స్క్వాడ్‌తో మాట్లాడటం.

ఈ సంగతి పరిశ్రమకు తెలియదా అంటే, బాగా తెలుసు. టీవీకి తగిలించి గేమ్ ఆడే కన్సోల్‌లు చేసే కంపెనీల తీరు చూడండి. ప్లేస్టేషన్ 4 గానీ 5 గానీ మామూలు బ్లూటూత్ హెడ్‌సెట్‌ను నేరుగా కలుపుకోవు. ఎక్స్‌బాక్స్ కూడా అంతే, అది సొంత వైర్‌లెస్ పద్ధతి వాడుతుంది. 2017లో వచ్చిన నింటెండో స్విచ్‌కు బ్లూటూత్ ఆడియో 2021 సెప్టెంబర్ అప్‌డేట్‌తో గానీ రాలేదు. వచ్చాక కూడా బ్లూటూత్ మైక్ పనిచేయదని ఆ కంపెనీయే రాసిపెట్టింది. పైగా బ్లూటూత్ ఆడియో నడుస్తున్నంతసేపు రెండు వైర్‌లెస్ కంట్రోలర్లకు మించి కలపకూడదని షరతు. గేమింగ్ హెడ్‌సెట్లతో పాటు చిన్న యూఎస్‌బీ డాంగిల్ ఇవ్వడం వెనుకా ఇదే కారణం. ఆ డాంగిల్ బ్లూటూత్‌ను పక్కన పెట్టి సొంత 2.4 గిగాహెర్ట్జ్ దారిలో రెండువైపులా మంచి శబ్దాన్ని మోస్తుంది.

అంటే తెలిసినవాళ్లు తప్పుకున్నారు. ఫోన్ మీద, మామూలు ల్యాప్‌టాప్ మీద ఆడేవాళ్లకు మాత్రం ఎవరూ చెప్పలేదు. మన దేశంలో ఆడేవాళ్లలో ఎక్కువమంది వాళ్లే. వాళ్లకు అమ్మే బడ్స్ డబ్బాల మీద గేమింగ్ మోడ్ అని పెద్దక్షరాలతో ఉంటుంది. ఆ మోడ్ శబ్దం ఆలస్యంగా రావడాన్ని తగ్గిస్తుంది. మైక్ ఆన్ చేస్తే ఒక్క ఛానలే మిగులుతుందన్న విషయంతో దానికి సంబంధం లేదు. నాలుగు మైక్‌లు ఉన్నా అంతే. ఎన్ని మైక్‌లు పెట్టినా వెళ్లే దారి అదే సన్నదారి.

విండోస్ 10 కాలంలో ఒక మేలుండేది. సౌండ్ జాబితా తెరిస్తే ఒకే హెడ్‌సెట్ రెండు పేర్లతో కనిపించేది, ఒకటి స్టీరియో అని, ఇంకోటి హ్యాండ్స్-ఫ్రీ అని. చూడటానికి గందరగోళంగా ఉన్నా, అందులో నిజం ఉండేది. రెండు దారులున్నాయని కనీసం కంటికి కనబడేది. 2021 అక్టోబర్‌లో వచ్చిన విండోస్ 11 ఆ రెండింటినీ ఒకే పేరు కింద కలిపేసింది. జాబితా శుభ్రపడింది, కానీ ఏం జరుగుతోందో తెలుసుకునే గుర్తు చెరిగిపోయింది. సదుద్దేశంతోనే చేసి ఉండొచ్చు. ఆటగాళ్లు తమను తాము అనుమానించుకోవడం మాత్రం దాంతో ఇంకా పెరిగిందని నా నమ్మకం.

అనుమతుల గొడవ ఇది కాదు. రెంటినీ కలిపేయడం వల్లే సగం సలహాలు పనికిరాకుండా పోతున్నాయి. ఆండ్రాయిడ్ 6 నుంచి మైక్‌కు విడిగా అనుమతి అడుగుతారు, ఆండ్రాయిడ్ 12లో మైక్ మొత్తాన్ని ఆపేసే బటన్ కూడా వచ్చింది. విండోస్‌లోనూ ప్రైవసీ సెట్టింగ్‌లో మైక్ ఆపేసి ఉంటే గేమ్‌కు గొంతు అందదు. ఇక్కడ తేడా వచ్చినప్పుడు మీ మాట అసలే వెళ్లదు. మాట వెళుతూ, గొంతు డబ్బాగా మారి, గేమ్ శబ్దం కూడా చెడితే అది దారి సమస్య. గేమ్ శబ్దం చెడకుండా, ఎవరైనా మాట్లాడగానే ఒక్కసారిగా తగ్గిపోతోందంటే అది ఇంకోటి. విండోస్ సౌండ్ కిటికీలో కమ్యూనికేషన్స్ అనే ట్యాబ్ ఉంటుంది. కాల్ నడుస్తున్నప్పుడు మిగతా శబ్దాలను 80 శాతం తగ్గించమన్న ఎంపిక అందులో ముందే పెట్టి ఉంటుంది. "ఏమీ చేయవద్దు" అన్నది ఎంచుకుంటే ఆ బాధ తీరుతుంది.

ఇక పరిష్కారం సంగతి. బ్లూటూత్ సంస్థ ఎల్ఈ ఆడియోను 2020 జనవరిలో ప్రకటించింది. తక్కువ కరెంటు వాడే బ్లూటూత్ ఎల్ఈ రేడియో, ఎల్‌సీ3 అనే కొత్త కోడెక్ (శబ్దాన్ని కుదించి పంపే పద్ధతి), రెండువైపులా ఒకేసారి మంచి శబ్దం. ప్రమాణాల పత్రాలన్నీ పూర్తయ్యేసరికి 2022 జులై. ఆ ఏడాదే ఆండ్రాయిడ్ 13లో దానికి చోటు దొరికింది. విండోస్‌లోకి 2023లో అడుగుపెట్టినా, మైక్‌తో పాటు స్టీరియో అన్న అసలు మాట 2025 ఆగస్టులో గానీ రాలేదు. అక్కడ గొంతు శాంప్లింగ్ 32 కిలోహెర్ట్జ్. పాత 8తో పోలిస్తే నాలుగింతలు.

కంపెనీల వాదన కూడా ఒకటుంది. కోట్ల పాత పరికరాలతో కలిసి పనిచేయాలి, చిన్న బడ్‌లో చిన్న బ్యాటరీ, చిప్ తయారీదారు ఒకరు, ల్యాప్‌టాప్ కంపెనీ ఒకరు, డ్రైవర్ రాసేవాళ్లు ఇంకొకరు, కాబట్టి మార్పు నెమ్మదిగానే వస్తుందని అంటారు. సాంకేతికంగా అది అబద్ధం కాదు.

కానీ ఇవాళ్టి తగువు నెమ్మది గురించి కాదు, డబ్బా మీద రాతల గురించి. బ్లూటూత్ 5.3 అని రాసి ఉంటే ఎల్ఈ ఆడియో ఉన్నట్టే అని చాలామంది అనుకుంటారు. అది నిజం కాదు. ఎల్ఈ ఆడియోకు కావలసిన భాగాలు 5.2 నుంచి ప్రమాణంలో ఉన్నాయి గానీ, వాటిని పెట్టడం తప్పనిసరి కాదు. పైగా బడ్స్‌లో ఒక్కదాంట్లో ఉంటే సరిపోదు. ల్యాప్‌టాప్ చిప్‌లో ఉండాలి, డ్రైవర్‌లో ఉండాలి, ఆపైన విండోస్ వెర్షన్ సరిపోవాలి. ఈ గొలుసులో ఒక్క కొక్కెం తెగినా పరికరం ఏ హెచ్చరికా ఇవ్వకుండా పాత కాల్ దారిలోకి జారిపోతుంది. మీ కంప్యూటర్‌లో ఉందో లేదో తెలియాలంటే సెట్టింగ్స్‌లో బ్లూటూత్ పరికరాల పేజీ కిందికి దిగి చూడాలి. ఎల్ఈ ఆడియో అందుబాటులో ఉంటే వాడమనే ఎంపిక అక్కడ కనబడాలి. అది లేకపోతే ఎన్ని వేలు పెట్టి బడ్స్ కొన్నా లాభం లేదు. ఈ ఒక్క వాక్యం డబ్బా మీద రాయడానికి ఎవరికీ చోటు దొరకడం లేదు.

గేమ్ తయారుచేసేవాళ్ల చేతిలోనూ ఒక పని ఉంది. ఫోన్‌లో మైక్‌ను కాల్ పద్ధతిలో తెరవాలా, మీడియా పద్ధతిలో తెరవాలా అన్నది వాళ్ల ఎంపిక. మీడియా పద్ధతిలో తెరిస్తే గొంతును ఫోన్ సొంత మైక్ పట్టుకుంటుంది, బడ్స్‌లో శబ్దం స్టీరియోగానే ఉంటుంది. మ్యాచ్‌లో వాల్యూమ్ బటన్ నొక్కి చూడండి. తెర మీద కాల్ వాల్యూమ్ కదిలితే గేమ్ మిమ్మల్ని కాల్ దారిలోకి దించిందని అర్థం. ఆ ఎంపికను ఆటగాడి చేతికే ఇస్తే ఈ గోల చాలావరకు ఉండదు.

కంప్యూటర్‌లో అయితే ఆ ఎంపిక ఇప్పటికే మన చేతిలో ఉంది. ఆటగాళ్లు మాట్లాడుకునే డిస్కార్డ్ యాప్‌లోనో, గేమ్ ఆడియో సెట్టింగ్స్‌లోనో ఇన్‌పుట్ దగ్గర ల్యాప్‌టాప్ మైక్ పెట్టి, అవుట్‌పుట్ దగ్గర బడ్స్ పెడితే బడ్స్ పాటల దారి వదలవు. ఫ్యాన్ చప్పుడు కొంచెం వినబడుతుంది, అడుగులు మాత్రం ఏ పక్క నుంచి వస్తున్నాయో తెలుస్తాయి.

మా పిన్ని కొడుకు ఇప్పుడు ఆట వరకు తీగ ఇయర్‌ఫోన్స్‌కే తిరిగి వచ్చేశాడు. కొనేముందు దుకాణంలో ప్లగ్ చూసి తీసుకోమని చెప్పాను. నల్ల గీతలు మూడుంటే మైక్ ఉన్నట్టు, రెండే ఉంటే వినడానికి మాత్రమే. వాడి ఫోన్‌కు జాక్ లేదు, టైప్-సీ కనెక్టర్ విడిగా కొనాల్సి వచ్చింది. మొదటి కనెక్టర్ ఆ ఫోన్‌తో పనిచేయలేదు, లోపల చిప్ ఉన్నది కావాలట. రెండోది పనిచేసింది. ఆ రాత్రి మ్యాచ్‌లో మెట్ల మీద చప్పుడు కాగానే నాకంటే ముందు వాడే అన్నాడు: "అన్నా, కుడి పక్క."