మూకీ కామెడీల్లో విసిగిపోయిన చిత్రకారుడు: అపోహలు - వాస్తవాలు

అపోహ: ఆ రోజుల్లో నటులు అలా గబగబా ఉరుకుతూనే నటించేవారు.

వాస్తవం: ఆ ఉరుకు చాలావరకు ప్రొజెక్టరుది. కెమెరా హ్యాండిల్ ఒక చుట్టు తిప్పితే 8 ఫ్రేములు (విడి బొమ్మలు). సెకనుకు రెండు చుట్లు, అంటే 16. ఆ లెక్కన 1000 అడుగుల 35 ఎంఎం రీలు 16 నిమిషాల 40 సెకన్లు నడవాలి. తర్వాతి టాకీల వేగం 24 మీద వేస్తే 11 నిమిషాలకే అయిపోతుంది. అలాగని అన్నిటికీ 16 పెట్టినా కుదరదు. చేత్తో తిప్పేది కాబట్టి షాటు షాటుకీ వేగం మారుతుంది. పైగా కామెడీవాళ్లు కావాలనే నెమ్మదిగా తిప్పి తెరమీద పరుగు పెంచేవారు. నడక చూసి వేగం కట్టకండి. గ్లాసులోకి పోసే మద్యం, చుట్ట పొగ చూడండి, అవి నటించవు. సెకనుకు 18 ఫ్రేముల దగ్గర కుదిరిందనుకుందాం. దాన్ని 24కి మార్చేటప్పుడు ప్రతి మూడో ఫ్రేమునూ రెండుసార్లు వేస్తారు; కుంటినడక వచ్చేది అక్కడే.

అపోహ: చాప్లిన్ 'ద ఫేస్ ఆన్ ద బార్‌రూమ్ ఫ్లోర్' (1914) తలాతోకా లేని కథ.

వాస్తవం: ప్రేయసిని పోగొట్టుకున్న చిత్రకారుడు బారులో తన గోడు చెప్పుకుని, నేలమీద సుద్దతో ఆమె ముఖం గీయబోతాడు. ఇప్పటి బారు, అప్పటి స్టూడియో మధ్య కథ అటూఇటూ తిరుగుతుంది కాబట్టి ఒక్క షాటు తారుమారైనా అర్థం చెడుతుంది. దీన్ని తీసిన కీస్టోన్ కంపెనీ చిత్రాలను తర్వాత విడుదల చేసినవాళ్లు ఇష్టమొచ్చినట్టు కోసి అతికించారు. షాట్ల మధ్య వచ్చే టైటిళ్లు (రాత కార్డులు) హ్యూ ఆంట్వాన్ డార్సీ పద్యంలోవి; ఈ సినిమా ఆ పద్యానికే పేరడీ. పద్యం పక్కన పెట్టుకుంటే వరస దొరుకుతుంది. పద్యంలో చిత్రకారుడు బొమ్మమీద పడి చచ్చిపోతాడు, చాప్లిన్ తాగి పడిపోతాడంతే. పేరడీ అని తెలియకుండా చూస్తే సగం నవ్వు పోయినట్టే.

అపోహ: అప్పట్లో అంతా నలుపు తెలుపే.

వాస్తవం: ఫ్రెంచి యానిమేటర్ ఎమీల్ కోల్ 1910లో తీసిన 'ల పాంత్ర్ నియో ఇంప్రెషనిస్త్' చూడండి. చిత్రకారుడు కొనవచ్చినవాడికి ఒకే రంగు పూసిన కాన్వాసులు చూపిస్తాడు. ఎర్రది: ఎర్ర సముద్రం ఒడ్డున టమాటాలతో లాబ్‌స్టర్ తింటున్న కార్డినల్ (ఎర్ర అంగీ వేసుకునే క్యాథలిక్ మతాధికారి), అంటే అంతా ఎరుపే. ప్రింటులో ఆ ముక్కలను రంగునీళ్లలో ముంచి మళ్లీ అతికించేవారు. నలుపు తెలుపు నకలు తీస్తే జోకే మాయం.

అపోహ: వస్తువును మాయం చేయాలంటే కెమెరా ఆపితే చాలు.

వాస్తవం: ఆపి మొదలెట్టినప్పుడు హ్యాండిల్ వేగం అందుకునేలోపు కొన్ని ఫ్రేములకు వెలుతురు ఎక్కువై తెల్లబడతాయి. ట్రిక్ చిత్రాలు తీసిన ఫ్రెంచి దర్శకుడు మెలియెస్ వాటిని నెగెటివ్‌లోంచే కత్తిరించి అతికించేవాడు. అతుకు పట్టుకోవాలంటే మాయమైన వస్తువును కాదు, కదలకుండా బిగుసుకున్న నటుడి చేతివేళ్లను చూడాలి.