ఆదివారం ఉదయం పదకొండు గంటలు

1960 ఏప్రిల్ 17. ఆ రోజు ఈస్టర్. దక్షిణ కరోలినా రాష్ట్రం గ్రీన్‌విల్‌లో బాబ్ జోన్స్ సీనియర్ అనే 76 ఏళ్ళ సువార్తికుడు తను పెట్టిన యూనివర్సిటీ రేడియోలో ప్రసంగం చేశారు. నల్లవాళ్ళనీ తెల్లవాళ్ళనీ వేరువేరుగా ఉంచడానికి బైబిల్ ఒప్పుకుంటుందా అన్నది ఆనాటి అంశం. ఒప్పుకుంటుంది, దాన్ని ఎదిరిస్తే దేవుణ్ణి ఎదిరించినట్టే అని ఆయన తేల్చేశారు. సరిగ్గా అదే రోజు, జాతీయ టీవీలో విలేఖరుల ముందు కూర్చున్న 31 ఏళ్ళ మార్టిన్ లూథర్ కింగ్ ఇంకో మాట అన్నారు. క్రైస్తవ అమెరికాలో జనం నల్లా తెల్లా అని బాగా విడిపోయి ఉండే గంట ఏదైనా ఉందంటే అది ఆదివారం ఉదయం పదకొండు గంటలేననీ, దేశానికి ఇది సిగ్గుచేటనీ. ఇద్దరూ ప్రసంగీకులే. ఇద్దరి చేతిలో ఉన్నదీ ఒకటే బైబిల్.

జోన్స్ ఎత్తుకున్న వాక్యం అపొస్తలుల కార్యములు 17:26. మన తెలుగు బైబిల్లో అది "యావద్భూమిమీద కాపురముండుటకు ఆయన యొకనినుండి ప్రతి జాతి మనుష్యులను సృష్టించి" అని మొదలై, దేవుడు "వారి నివాసస్థలముయొక్క పొలిమేరలను ఏర్పరచెను" అని ముగుస్తుంది. అమెరికాలో అప్పట్లో అందరూ చదివే ఇంగ్లీషు బైబిల్లో "ఒకనినుండి" అన్న చోట "ఒకే రక్తం నుంచి" అని ఉండేది. బానిసత్వం పోవాలని పోరాడినవాళ్ళు తరతరాలుగా ఆ మొదటి సగాన్నే పట్టుకున్నారు. జోన్స్ రెండో సగాన్ని పట్టుకున్నారు. పొలిమేరలు గీసింది దేవుడే కాబట్టి చెరపడానికి మీరెవరన్నది ఆయన వాదన. మొదటి సగం కూడా అదే వాక్యంలో ఉందన్న సంగతి ఆయనకు పెద్ద అడ్డం కాలేదు.

ఈ పొలిమేర గీత ఎప్పుడు పడింది? రాజకీయ నాయకులు చట్టాలు చేస్తే చర్చి మారుమాట్లాడకుండా వాటి వెంట నడిచిందని చాలామంది అనుకుంటారు. చరిత్ర చూస్తే అలా లేదు. చాలా విషయాల్లో చర్చే ముందు నడిచింది.

మొదట్లో బానిసల యజమానులకు ఒక టెన్షన్ ఉండేది. క్రైస్తవుణ్ణి క్రైస్తవుడు బానిసగా ఉంచుకోకూడదన్న పాత అభిప్రాయం ఒకటి ఇంగ్లండులో ఉండేది. మరి బానిసకు బాప్తిస్మం ఇస్తే విడిచిపెట్టాల్సి వస్తుందా? 1667లో వర్జీనియా శాసనసభ ఆ చిక్కు విప్పేసింది. బాప్తిస్మం వల్ల బానిస స్థితి మారదని చట్టం చేసింది. ఇక యజమానులు ధైర్యంగా బాప్తిస్మాలు ఇప్పించుకోవచ్చని అందులోనే రాసుకున్నారు కూడా. ఆత్మకు రక్షణ, ఒంటికి సంకెల. ఈ రెండూ కలిసి ఉండొచ్చని చట్టం ఒప్పుకున్నాక మిగతాదంతా వాక్యాలు వెతుక్కునే పనే. "దాసులారా… మీ యజమానులైనవారికి విధేయులైయుండుడి" అన్న ఎఫెసీయుల పత్రిక వాక్యం పొలాల్లో వినీ వినీ బానిసలకు కంఠతా వచ్చేసింది. నోవహు శాపం కథ ఇంకా బాగా పనికొచ్చింది. నోవహు కొడుకైన హాము సంతానం నల్లవాళ్ళనీ, వాళ్ళు "దాసానుదాసులు" కావాలని నోవహు శపించాడనీ ప్రసంగాలు నడిచాయి. ఆదికాండం తొమ్మిదో అధ్యాయం తెరిచి చూస్తే శాపం పడింది హాము మీద కాదు, అతని కొడుకు కనాను మీద. చర్మం రంగు ఊసే అక్కడ లేదు.

ఇదంతా దక్షిణాది సంగతి, ఉత్తరాది నయం అనుకుంటే, ఫిలడెల్ఫియాకు వెళ్ళాలి.

అక్కడి సెయింట్ జార్జ్ మెథడిస్టు చర్చిలో రిచర్డ్ అలెన్, అబ్సలోమ్ జోన్స్ అనే ఇద్దరు నల్లవాళ్ళు ఉండేవారు. ఇద్దరూ బానిసలుగా పుట్టినవారే. అలెన్ తన స్వేచ్ఛను తానే డబ్బు కట్టి కొనుక్కున్నారు. ఆయన ప్రసంగాలు విని నల్లవాళ్ళు ఎక్కువగా వస్తుండటంతో తెల్ల పెద్దలకు ఇబ్బంది మొదలైంది. వాళ్ళని ముందు గోడవారకి జరిపారు. తర్వాత ఒక ఆదివారం మేడ మీదికి, అంటే గ్యాలరీలోకి వెళ్ళమన్నారు. ఆ గ్యాలరీ కట్టడానికి డబ్బులిచ్చినవాళ్ళలో వీళ్ళూ ఉన్నారు. వెళ్ళారు, ఎక్కడో కూర్చున్నారు, ప్రార్థన మొదలైంది, అందరూ మోకరించారు. కళ్ళు మూసుకున్న అలెన్‌కు పక్కన పెనుగులాట వినిపించింది. తలెత్తి చూస్తే ఒక ధర్మకర్త అబ్సలోమ్ జోన్స్‌ని పట్టుకుని మోకాళ్ళ మీంచి పైకి లాగుతున్నాడు. లే, ఇక్కడ మోకరించకూడదు అంటున్నాడు. ప్రార్థన అయ్యేదాకా ఆగండి అన్నారు జోన్స్. కుదరదు, ఇప్పుడే లేవాలి, లేకపోతే మనుషుల్ని పిలుస్తాను అన్నాడు అతను. ప్రార్థన అయ్యాక లేస్తాను, మళ్ళీ మిమ్మల్ని ఇబ్బంది పెట్టను అన్నారు జోన్స్. ఆలోగా ఇంకో ధర్మకర్త వచ్చి మరొకాయన్ని లాగడం మొదలుపెట్టాడు. ప్రార్థన ముగిసింది. నల్లవాళ్ళంతా లేచి ఒక్క గుంపుగా బయటికి నడిచారు.

అలెన్ తన జ్ఞాపకాల్లో ఇది 1787లో జరిగిందని రాసుకున్నారు. గ్యాలరీ కట్టిన లెక్కలు చూసి కొందరు చరిత్రకారులు 1792 దాకా జరిపారు. తేదీ సంగతి అటుంచితే, అక్కడినుంచి ఏం జరిగిందో స్పష్టంగా ఉంది. అలెన్ ఒక పాత కమ్మరి కొలిమి పాకను కొని, గుర్రాలతో లాగించి, తన స్థలంలో పెట్టించారు. 1794లో అదే బెతెల్ చర్చి అయింది. 1816లో ఇలాంటి సంఘాలన్నీ కలిసి ఆఫ్రికన్ మెథడిస్ట్ ఎపిస్కోపల్ చర్చిగా ఏర్పడ్డాయి. అలెన్ దానికి మొదటి బిషప్. ఆ స్థలంలో ఈనాటికీ వాళ్ళ చర్చే ఉంది. నల్లవాళ్ళు వేరే చర్చి పెట్టుకుని విడిపోయారని ఎవరైనా అంటే, ముందు మోకాళ్ళ మీంచి లాగింది ఎవరో అడగాలి.

1840ల్లో చర్చిలు నిలువునా చీలాయి. జార్జియాకు చెందిన మెథడిస్టు బిషప్ జేమ్స్ ఆండ్రూకు బానిసలున్నారన్న గొడవతో 1844లో మెథడిస్టులు, బానిసల్ని ఉంచుకున్నవాణ్ణి మిషనరీగా పంపొచ్చా అన్న గొడవతో 1845లో బాప్టిస్టులు. దక్షిణాది బాప్టిస్టులు జార్జియాలోని ఆగస్టా అనే ఊళ్ళో సమావేశమై సదరన్ బాప్టిస్ట్ కన్వెన్షన్ పెట్టుకున్నారు. మనకు ఇక్కడ చిన్న లంకె ఉంది. శామ్యూల్ డే అనే బాప్టిస్టు మిషనరీ నెల్లూరులో మకాం పెట్టింది 1840లో. ఆయన్ని పంపిన సంస్థ ఐదేళ్ళకే బానిసత్వం మీద రెండు ముక్కలైంది. నెల్లూరు, తర్వాత ఒంగోలు మిషన్ ఉత్తరాదివాళ్ళ వాటాకు వచ్చాయి.

బానిసత్వం మీద ఉత్తరాదికీ దక్షిణాదికీ జరిగిన అంతర్యుద్ధానికి ముందు దక్షిణాదిలో నల్లవాళ్ళు, తెల్లవాళ్ళు చాలాచోట్ల ఒకే చర్చికి వెళ్ళేవారు. వినడానికి వింతగా ఉంటుంది. అది ప్రేమ కాదు, భయం. 1831లో వర్జీనియాలో తిరుగుబాటు నడిపిన నాట్ టర్నర్ స్వయంగా ప్రసంగీకుడు. అందుకని నల్లవాళ్ళు తమంతట తాము ప్రార్థన పెట్టుకోవడం యజమానులకు ఇష్టం లేదు, కళ్ళ ముందు గ్యాలరీలో ఉంటేనే నిశ్చింత. 1865లో స్వేచ్ఛ రాగానే ఆ గ్యాలరీలు కొద్ది ఏళ్ళలోనే ఖాళీ అయ్యాయి. నల్లవాళ్ళు సొంత చర్చిలు కట్టుకున్నారు. బడి, చావు ఖర్చులకు చందా సంఘం, ఓటు గురించిన మాటలు, అన్నీ ఆ చర్చిలోనే. తెల్ల పెద్దమనిషి లేని గది వాళ్ళకు ఊరంతటికీ అదొక్కటే.

గీతను దాటాలని ఒకసారి గట్టి ప్రయత్నమే జరిగింది. హ్యూస్టన్‌లో విలియం సీమూర్ అనే నల్ల ప్రసంగీకుడు బైబిల్ తరగతికి వెళితే, తెల్ల విద్యార్థుల మధ్య కూర్చోకూడదని గది బయట కూర్చోబెట్టారు. తెరిచి ఉంచిన తలుపులోంచి ఆయన పాఠం విన్నారు. ఆ సీమూరే 1906లో లాస్ ఏంజిలిస్‌లోని అజూసా వీధిలో ఒక పాత భవనంలో కూటాలు మొదలుపెట్టారు. అంతకుముందు అది గుర్రాల కొట్టం. నల్ల, తెల్ల, మెక్సికన్ అని లేకుండా జనం ఒకరి మీద ఒకరు పడి ఏడ్చి ప్రార్థించారు. ఇప్పుడు మన పల్లెల్లో కూడా కనిపించే పెంతెకొస్తు సంఘాల వేర్లలో అజూసా ఒకటి. కానీ పదేళ్ళు తిరక్కుండానే అక్కడా నల్ల సంఘాలు, తెల్ల సంఘాలు వేరయ్యాయి. నల్లవాళ్ళ మీద దాడులు చేసే తెల్లవాళ్ళ రహస్య ముఠా కు క్లక్స్ క్లాన్‌ని 1915లో మళ్ళీ లేపిన విలియం సిమన్స్ కూడా ఒకప్పటి మెథడిస్టు ప్రసంగీకుడే. జార్జియాలోని స్టోన్ మౌంటెన్ మీద వాళ్ళు తగలబెట్టింది సిలువను.

మెథడిస్టుల ముచ్చట ఇంకా ఉంది. 1844లో చీలినవాళ్ళు 1939లో మళ్ళీ కలిశారు. కలిసినందుకు దక్షిణాదివాళ్ళకు ఒక ధర చెల్లించారు. దేశాన్ని పరిపాలన కోసం ఐదు ప్రాంతాలుగా విభజించి, ఆరోదానికి సెంట్రల్ జూరిస్‌డిక్షన్ అని పేరు పెట్టారు. మొదటి ఐదూ మ్యాప్ మీద ఉంటాయి. ఆరోది మ్యాప్ మీద ఉండదు, అది నల్ల సంఘాలన్నిటికీ కలిపి, అవి ఎక్కడున్నా సరే. తెల్ల అన్నదమ్ములు రాజీపడటానికి నల్లవాళ్ళని గుమ్మం బయట పెట్టారన్నమాట. ఈ ఏర్పాటు 1968 దాకా సాగింది.

1954లో సుప్రీంకోర్టు బడుల్లో వేర్పాటు చెల్లదని తీర్పిచ్చినప్పుడు సదరన్ బాప్టిస్టులు జాతీయ సమావేశంలో దాన్ని సమర్థిస్తూ తీర్మానం చేశారు. కింద ఊళ్ళోని సంఘాలకు అది పట్టలేదు. కోర్టు గదుల్లోనూ దేవుడు సాక్షిగా వచ్చేవాడు. నల్లావిడని పెళ్ళాడిన ఒక తెల్లాయన కేసులో 1965లో వర్జీనియా జడ్జి లియాన్ బజీల్, సర్వశక్తిమంతుడు తెల్ల, నల్ల, పసుపు, మలయ, ఎర్ర జాతుల్ని వేరువేరు ఖండాల్లో పెట్టాడంటే అవి కలవకూడదనే కదా అని రాశారు. మన గోధుమ రంగు ఏ ఖానాలోకి వస్తుందో ఆయన చెప్పలేదు. తెల్లవాళ్ళని అమెరికా ఖండంలో ఎవరు పెట్టారో కూడా చెప్పలేదు. 1967లో సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టేసింది.

1960 ఆగస్టులో అట్లాంటాలో నల్ల విద్యార్థులు కొత్త పద్ధతి మొదలుపెట్టారు. హోటళ్ళలో కూర్చుని నిరసన తెలిపినట్టే, తెల్ల చర్చిలకు ఆదివారం ఆరాధనకు వెళ్ళడం. రానిస్తే లోపల మోకరించాలి, లేకపోతే మెట్ల మీద. మిసిసిపి రాజధాని జాక్సన్‌లో ఇది ముదిరింది. అక్కడి గాలొవే మెథడిస్టు చర్చిలో 1963 జూన్‌లో, ఆరాధన నడుస్తుండగానే నల్లవాళ్ళని గుమ్మంలో ఆపేశారని తెలిసి, పద్దెనిమిదేళ్ళుగా అక్కడ పాస్టరుగా ఉన్న డబ్ల్యూ.బి. సెలా ప్రసంగం కుదించి, ఇక ఇక్కడ ఉండలేనని చెప్పేసి తప్పుకున్నారు. ఆ అక్టోబరు నుంచి నగరంలోని చర్చిల మెట్ల మీదే అరెస్టులు మొదలయ్యాయి. 1964 ఈస్టర్ రోజు ఇద్దరు మెథడిస్టు బిషప్పులు కలిసి అదే చర్చికి వచ్చారు. నల్లాయన చార్లెస్ గోల్డెన్, తెల్లాయన జేమ్స్ మాథ్యూస్. మాథ్యూస్ మన దేశంలో మిషనరీగా పనిచేసి వెళ్ళిన మనిషి. సొంత శాఖకు బిషప్పులైన ఇద్దరినీ ద్వారం దగ్గరే ఆపి వెనక్కి పంపారు.

అలబామా రాష్ట్రం బర్మింగ్‌హామ్‌లో మరీ దారుణం. 1963 ఏప్రిల్‌లో జైల్లో పడ్డ కింగ్‌కు ఎనిమిదిమంది తెల్ల మతపెద్దల ప్రకటన ఉన్న పత్రిక అందింది. తొందరపడకండి, ఓపిక పట్టండి అన్నది అందులోని హితబోధ. ఆ పత్రిక అంచుల మీదే ఆయన జవాబు మొదలుపెట్టారు. క్లాన్ కన్నా ఈ మంచివాళ్ళే తనకు ఎక్కువ నిరాశ కలిగించారని అందులో రాశారు. సెప్టెంబరు 15, ఆదివారం ఉదయం, ఆ ఊళ్ళోని సిక్స్‌టీంత్ స్ట్రీట్ బాప్టిస్ట్ చర్చిలో క్లాన్ మనుషులు పెట్టిన బాంబు పేలి నలుగురు ఆడపిల్లలు చనిపోయారు. ముగ్గురికి పద్నాలుగేళ్ళు, ఒకరికి పదకొండు. చర్చి రంగుటద్దాల కిటికీ ఒకటి పడిపోకుండా నిలిచింది. అందులో యేసు ముఖం ఉన్న ముక్క ఒక్కటే ఎగిరిపోయింది. తర్వాత వేల్స్ దేశ ప్రజలు చందాలు వేసుకుని ఆ చర్చికి కొత్త కిటికీ పంపారు. అందులో సిలువ మీది క్రీస్తు నల్లవాడు.

బాబ్ జోన్స్ యూనివర్సిటీ 1971 దాకా నల్ల విద్యార్థుల్ని చేర్చుకోలేదు. చేర్చుకున్నాకా నల్లా తెల్లా ప్రేమలు, పెళ్ళిళ్ళు కూడదని నియమం పెట్టింది. అది మా మతవిశ్వాసమంటూ పన్ను మినహాయింపు కోసం సుప్రీంకోర్టు దాకా వెళ్ళి 1983లో ఓడిపోయింది. ఓడాక కూడా నియమం అలాగే ఉంచుకుంది. 2000లో అధ్యక్ష ఎన్నికల ప్రచారానికి జార్జ్ బుష్ ఆ క్యాంపస్‌కు వెళ్ళడంతో దేశమంతా గోల అయ్యాక, అప్పుడు ఎత్తేసింది. సదరన్ బాప్టిస్టులు 1995లో, పుట్టిన నూటయాభై ఏళ్ళకు, బానిసత్వాన్ని సమర్థించినందుకు క్షమాపణ చెప్పారు. యూనివర్సిటీ 2008లో చెప్పింది. బైబిల్ చెప్పినట్టు కాకుండా చుట్టూ ఉన్న సమాజం పోకడను బట్టి నడిచామని అందులో ఒప్పుకుంది. 1960 ఈస్టర్ నాటి రేడియోలో అదే సంగతి దేవుడి ఆజ్ఞ.