డెడ్‌హెడ్: చచ్చిన తల కాని మాట గురించి అపోహలు - వాస్తవాలు

ఇంగ్లిష్ నుంచి సాంకేతిక పత్రాలు తెలుగు చేసేవాళ్లకు 'డెడ్‌హెడ్' అనే మాట ఎప్పుడో ఒకప్పుడు తగులుతుంది. నిఘంటువు తెరిస్తే మొద్దు, ఉచిత పాసు మీద వచ్చినవాడు, నీళ్లలో మునిగిన దుంగ, వాడిన పూలు తుంచడం అని వరసగా కనిపిస్తాయి. పైనున్న అర్థం పట్టుకుని రాసేస్తే పంపు మాన్యువల్లో మొద్దు వచ్చి కూచుంటాడు. అనువాదకులు, కాపీ ఎడిటర్లు, సబ్‌టైటిళ్లు రాసేవాళ్లు ఈ మాట దగ్గర ఎక్కడెక్కడ కాలు జారుతున్నారో చూద్దాం.

అపోహ: 'డెడ్' అంటే చచ్చిన. అది తెలిస్తే సగం అర్థం చేతికొచ్చినట్టే.

వాస్తవం: తిరకాసు 'డెడ్'లో లేదు, 'హెడ్'లో ఉంది. 'డెడ్' చాలాచోట్ల ఒకే పని చేస్తుంది: ఫలం లేనిది, రాబడి లేనిది, కదలిక లేనిది. 'హెడ్' మాత్రం రంగం మారినప్పుడల్లా వేషం మారుస్తుంది. నాటకశాలలో అది మనుషుల లెక్క. తోటలో కాడ చివర ఉన్న పువ్వు. పంపు దగ్గర, నీటిని ఎంత ఎత్తుకు నెట్టగలదో మీటర్లలో చెప్పే కొలత. పోతపనిలో, అచ్చు పైభాగాన అదనంగా పోసిన లోహం. అభిమానుల విషయంలో, ఒకదాని మీద పిచ్చి ఉన్నవాడు.

తెలుగుకి ఇది కొత్తేమీ కాదు. 'తలకు వంద పడింది' అంటే ఎవరి తల మీదా ఏమీ పడలేదు కదా. డెడ్‌హెడ్ కనిపించగానే వేసుకోవాల్సిన మొదటి ప్రశ్న 'ఇక్కడ తల ఎవరిది?' అన్నదే.

అపోహ: ఈ అర్థాలన్నీ ఒకే మూలం నుంచి పుట్టాయి.

వాస్తవం: కొన్నే. 1840ల అమెరికాలో టికెట్టు కొనకుండా నాటకానికి వచ్చినవాడిని డెడ్‌హెడ్ అన్నారు. తల లెక్కకు వస్తుంది, పైసా రాదు. అక్కడి నుంచి ఉచితంగా రైలెక్కినవాడికి, ఆపైన డ్యూటీ కోసం ప్రయాణికుల సీట్లో కూచుని వెళ్లే సిబ్బందికి, సరుకు లేకుండా నడిచే బండికి పాకింది. ఇదంతా ఒక తీగ. తోటలోదీ పంపుదీ ఆ తీగకు కాసినవి కావు, విడివిడిగా పుట్టిన సమాసాలు. రసవాదులు పాత్ర అడుగున మిగిలిన పనికిరాని మడ్డిని లాటిన్‌లో 'కాపుట్ మోర్టుఅం' అన్నారు. దానికీ మాటకు మాట అర్థం చచ్చిన తలే. చిత్రకారులు వాడే ఊదా గోధుమ రంగు ఐరన్ ఆక్సైడ్‌కు ఇప్పటికీ ఆ పేరుంది. లారీకీ దీనికీ చుట్టరికం కలపాలని చూడకండి.

అపోహ: డెడ్‌హెడ్ ప్రయాణం అంటే సిబ్బందికి విశ్రాంతి, లేదా ఊరికే దొరికిన ప్రయాణం.

వాస్తవం: ఈ పొరపాటు చట్టం దాకా పోతుంది, కాబట్టి కాస్త నిలబడి చూడాలి. అమెరికాలో ప్రయాణికుల విమానాల పైలట్లకు 2014 జనవరిలో అమల్లోకి వచ్చిన పార్ట్ 117 నిబంధనల నిర్వచనం ఇదీ: సంస్థ అవసరం కొద్దీ విమాన సిబ్బంది ప్రయాణికుడిగానో, విమానం నడపని సిబ్బందిగానో ఏ వాహనంలో వెళ్లినా అది డెడ్‌హెడ్. బస చేసే చోటికి రాకపోకలు మాత్రం ఇందులోకి రావు. ఆ సమయమంతా డ్యూటీయే, విశ్రాంతి కాదు. అయితే గరిష్ఠ డ్యూటీ వేళలు లెక్కగట్టే పట్టికలో దాన్ని ఒక విమాన విడతగా చూడరు. 'డ్యూటీ', 'విడత' అన్న ఈ రెండు మాటల్ని తెలుగులో ఒకటి చేసేస్తే నిబంధన తలకిందులవుతుంది.

యూరప్ నిబంధనల్లో ఇదే పనిని పొజిషనింగ్ అంటారు. మూలంలో ఆ మాట ఉంటే డెడ్‌హెడ్ అని తిప్పి రాయక్కర్లేదు.

అమెరికా రైల్వేలో పేచీ ఇంకా ఎక్కువ. డ్యూటీ ఎక్కడానికి వెళ్లే డెడ్‌హెడ్ సమయం డ్యూటీలో కలుస్తుంది. డ్యూటీ దిగాక తిరిగి వచ్చే డెడ్‌హెడ్ సమయం డ్యూటీ కాదు, విశ్రాంతీ కాదు. దానికి వాడుకలో ఉన్న పేరు 'లింబో టైం'. దిగాక తీసుకెళ్లే బండి కోసం ఎదురుచూసే సమయం కూడా ఇందులోకే వస్తుందని అక్కడి సుప్రీంకోర్టు 1996లో తేల్చింది. ఒక ఇంజిన్ డ్రైవరు గరిష్ఠ పరిమితి 12 గంటలూ పనిచేసి, తర్వాత 2 గంటలు వ్యాన్‌లో కూచుని వచ్చాడనుకోండి. ఆ 2 గంటలు లింబో. మామూలుగా ఇవ్వాల్సిన 10 గంటల విరామానికి అవి కలిసి 12 అవుతాయి. ఇలాంటి పత్రంలో 'ఖాళీ ప్రయాణం' అని రాస్తే చదివేవాడికి ఏమీ అందదు. 'సంస్థ పని మీద ప్రయాణికుడిగా వెళ్లడం' అనండి. పొడవైనా సరే, తప్పు ఉండదు.

సెలవులో ఉన్న పైలట్ తన సొంత పని మీద కాక్‌పిట్‌లోని అదనపు సీట్లో కూచుని వెళ్తే అది జంప్‌సీట్, డెడ్‌హెడ్ కాదు. తేడా పంపినవాళ్లు ఎవరన్నదే. 2017 ఏప్రిల్‌లో షికాగో విమానాశ్రయంలో ఒక ప్రయాణికుణ్ని సీట్లోంచి ఈడ్చుకెళ్లిన వీడియో ప్రపంచమంతా చూసింది. ఆ సీట్లు కావాల్సింది మర్నాటి విమానం నడపడానికి వెళ్తున్న నలుగురు డెడ్‌హెడ్ సిబ్బందికి. వాళ్లను 'ఉచిత ప్రయాణికులు' అని రాస్తే గొడవ ఎందుకొచ్చిందో అర్థం కాదు.

అపోహ: లారీల భాషలో డెడ్‌హెడ్, బాబ్‌టైల్ ఒకటే.

వాస్తవం: వెనక ట్రెయిలర్ ఉండి, అందులో సరుకు లేకపోతే డెడ్‌హెడ్. అసలు ట్రెయిలరే లేకుండా ఇంజిన్ బండి ఒక్కటే పోతే బాబ్‌టైల్. బ్రేకులు పట్టే తీరు వేరు, బీమా వేరు.

డెడ్‌హెడ్ మైళ్లు ఎందుకు లెక్కపెడతారో తెలియాలంటే ఒక చిన్న లెక్క చాలు. సరుకు ఎక్కించుకోవడానికి 120 మైళ్లు ఖాళీగా వెళ్లి, ఎక్కించుకుని 600 మైళ్లు నడిపారు. మొత్తం 720. ఖాళీ వాటా 120ని 720తో భాగిస్తే దాదాపు 16.7 శాతం. సరుకు మీద మైలుకు 2 డాలర్లు ఒప్పుకుంటే వచ్చేది 1200. దాన్ని 720కి పంచితే మైలుకు 1.67 మిగులుతుంది. డ్రైవరు 'రేటు బాగానే ఉంది, డెడ్‌హెడ్ చంపేసింది' అన్నాడంటే అర్థం ఇదే. అమెరికా, కెనడాల ఉమ్మడి ఇంధన పన్ను లెక్కల్లో ఈ ఖాళీ మైళ్లనూ చూపించాలి. 'పన్ను వర్తించని మైళ్లు' అని అనువదించినవాళ్లు ఉన్నారు. అది శుద్ధ తప్పు.

బస్సులకూ ఇదే మాట. డిపో నుంచి మొదటి స్టాపు దాకా, చివరి స్టాపు నుంచి డిపో దాకా నడిచేది డెడ్‌హెడ్. ట్రిప్పుకీ ట్రిప్పుకీ మధ్య స్టాపులో ఆగి ఉండేది డెడ్‌హెడ్ కాదు, అది లేఓవర్.

అపోహ: తోటలో డెడ్‌హెడ్ చేయడం అంటే కొమ్మలు కత్తిరించడం.

వాస్తవం: కొమ్మలకు రూపం ఇచ్చే కత్తిరింపు ప్రూనింగ్. చిగురు కొసను గిల్లేది పించింగ్. వాడిన పూలను గింజ కట్టకముందే తీసేయడం డెడ్‌హెడింగ్. మొక్క గింజ మీద పెట్టే బలాన్ని మళ్లీ మొగ్గల మీదకు మళ్లించడం దీని ఉద్దేశం. తెలుగులో 'వాడిన పూలు తుంచడం' అంటే సరిపోతుంది. కాకపోతే ఎక్కడ తుంచాలో మూలం చెప్పిన కొలతను మింగేయకూడదు.

పెటూనియా సంగతి చూడండి. వాడిన రేకుల గొట్టాన్ని పట్టి లాగితే సులువుగా ఊడి వస్తుంది. మొక్క శుభ్రంగా కనిపిస్తుంది. కానీ అడుగున పచ్చటి గిన్నెలో అండాశయం అలాగే ఉండిపోయి గింజ కడుతుంది. చేసిన పని వృథా. గిన్నెతో సహా కాడను గిల్లాలి. డాలియాలో ఇంకో చిక్కు: వాడిన పువ్వు రేకులు రాల్చాక మొగ్గలాగే ఉంటుంది. కొత్త మొగ్గ గుండ్రంగా, గట్టిగా ఉంటుంది. అయిపోయింది కోసుగా, మెత్తగా ఉంటుంది. చూసుకోకుండా కత్తెర ఆడిస్తే రేపటి పూలే పోతాయి.

గులాబీకి సాధారణంగా చెప్పే పద్ధతి: పువ్వు నుంచి కిందికి వస్తూ అయిదు చిట్టి ఆకులున్న మొదటి ఆకు దగ్గర ఆగి, బయటివైపు చూసే కన్నుకు (కొత్త చిగురు వచ్చే చోటుకు) అర సెంటీమీటరు పైన కోయడం. డాఫోడిల్‌కు వాడిన పువ్వును మాత్రమే తీసి, ఆకులు వాటంతట అవి పండేదాకా వదిలేయాలి. గడ్డ బలం పుంజుకునేది ఆ ఆకులతోనే. 'పువ్వు అయిపోయాక మొక్కను కత్తిరించండి' అని తెలుగు చేస్తే మరుసటి ఏడాది పువ్వు ఉండదు. ఎర్రటి కాయల కోసం పెంచే గులాబీలకైతే ఈ పని అసలు చేయకూడదు.

అపోహ: పంపు డెడ్‌హెడ్ అయితే మోటారు ఓవర్‌లోడై దానంతట అదే ట్రిప్ అవుతుంది, అంటే ఆగిపోతుంది.

వాస్తవం: ఈ జాబితాలో అన్నిటికన్నా ప్రమాదకరమైన అపోహ ఇదే. డెలివరీ వాల్వ్ (నీళ్లు బయటికి పోయే వైపుది) మూసి ఉండగా పంపు తిరుగుతూ ఉండటమే డెడ్‌హెడింగ్. మామూలు రేడియల్ సెంట్రిఫ్యూగల్ పంపులో (చక్రం నీటిని మధ్య నుంచి అంచుకు విసిరే రకం) ప్రవాహం సున్నా అయినప్పుడు కరెంటు పెరగదు, తగ్గుతుంది. అందుకే కరెంటు ఎక్కువైతే మోటారును ఆపే ఓవర్‌లోడ్ రిలేకు అనుమానమే రాదు. నీటిని ఇరుసు వెంట నెట్టే యాక్సియల్ పంపులో వ్యవహారం తిరగబడుతుంది, మూసినప్పుడే ఎక్కువ కరెంటు లాగుతుంది. మాన్యువల్ ఏ పంపు గురించో చూడకుండా ఈ వాక్యాన్ని అనువదించకూడదు.

బయటికి పోలేని నీళ్లు కేసింగ్‌లోనే సుడి తిరుగుతాయి, మోటారు ఇచ్చిన శక్తంతా వేడిగా మారుతుంది. కేసింగ్‌లో 50 లీటర్ల నీళ్లున్నాయి, పంపు ఆ స్థితిలో 10 కిలోవాట్లు తీసుకుంటోంది అనుకుందాం. లోహానికి, గాలికి పోయే వేడిని పక్కన పెడితే నిమిషానికి దాదాపు 2.9 డిగ్రీలు పెరుగుతుంది. 30 డిగ్రీల దగ్గర మొదలైతే 24 నిమిషాల్లో వంద. ఈలోపే సీల్ పాడవచ్చు. నీళ్లు లోపలికి వచ్చే వైపున్న సక్షన్ వాల్వ్ కూడా మూసి ఉంటే ఆవిరికి దారి లేక కేసింగ్ పేలవచ్చు. గేర్, పిస్టన్ పంపులైతే అంతసేపు కూడా ఆగవు. ఒత్తిడి పెరుగుతూనే పోయి రిలీఫ్ వాల్వ్ తెరుచుకుంటుంది, అది లేకపోతే ఏదో ఒకటి పగులుతుంది.

ప్రతి డెడ్‌హెడ్ లోపమూ కాదు. రేడియల్ పంపును స్టార్ట్ చేసేటప్పుడు డెలివరీ వాల్వ్ కొద్దిసేపు మూసి ఉంచడం మామూలే. వాల్వ్ మూసి కొన్ని క్షణాలు నడిపి, వచ్చిన ఒత్తిడిని తయారీదారు ఇచ్చిన కర్వ్‌తో (ప్రవాహం, ఒత్తిడి గ్రాఫుతో) పోల్చి ఇంపెల్లర్ (లోపల తిరిగే చక్రం) అరుగుదలను అంచనా వేసే పరీక్ష కూడా ఉంది. మూలంలో 'టెస్ట్' అన్న మాట పక్కనుంటే అది హెచ్చరిక కాదు, పని సూచన.

అపోహ: నీళ్లలో డెడ్‌హెడ్ అంటే అడుగుకు చేరిన కలప.

వాస్తవం: పడవ నడిపేవాళ్లు భయపడేది అడుగున ఉన్నదానికి కాదు. ఒక కొస నీళ్లు పీల్చి బరువెక్కి, దుంగ నిలువునా నిలబడుతుంది. పై కొస నీటి మట్టానికి అటూ ఇటూగా తలాడిస్తుంది, అల వస్తే మాయమవుతుంది. 'నిలువుగా తేలే దుంగ' అని రాస్తే పడవవాడికి పనికొస్తుంది. కలప వ్యాపారంలో మాత్రం అడుగున ఉన్నదాన్నీ అలాగే అంటారు. ఫ్లోరిడా నదుల్లో ఒకప్పుడు నరికి తెప్పలుగా పంపుతుండగా మునిగిన పైన్, సైప్రెస్ దుంగల్ని వెలికితీయడం డెడ్‌హెడ్ లాగింగ్. దానికి అనుమతి కావాలి. గొడ్డలి గాటో, రంపపు కోతో ఉన్న దుంగలే తీయాలి, తనంతట తాను పడిపోయిన చెట్టును ముట్టకూడదు.

అపోహ: ఇంగ్లిష్‌లో పెద్ద అక్షరంతో (క్యాపిటల్‌తో) రాసినా అర్థం మారదు.

వాస్తవం: వాక్యం మధ్యలో మొదటి అక్షరం పెద్దదిగా ఉంటే అది దాదాపు ఎప్పుడూ గ్రేట్‌ఫుల్ డెడ్ అనే రాక్ బృందం వీరాభిమానే. 1965లో కాలిఫోర్నియాలో మొదలైన బృందం అది. అభిమానులు ఊరూరా కచేరీల వెంట తిరిగేవారు. 'మృత్యు ప్రేమికులు' అని సబ్‌టైటిల్ వేస్తే నవ్వాలో ఏడవాలో తెలియదు. పుర్రె గుర్తుకు ఇంగ్లిష్‌లో ఉన్న 'డెత్స్ హెడ్' వేరే మాట. వీపు మీద పుర్రె ఆకారం ఉన్న పెద్ద రెక్కల పురుగు పేరులో ఉన్నది అదే, ఇది కాదు.

అపోహ: ఎటూ తేలకపోతే తెలుగు లిపిలో 'డెడ్‌హెడ్' అని రాసేస్తే సరి.

వాస్తవం: విమాన సిబ్బందికి, ప్లాంట్ ఇంజినీర్లకు అలా రాసినా నడుస్తుంది, వాళ్లు రోజూ వాడే మాటే. తోటపని చేసేవాళ్లకు, మొదటిసారి స్విచ్ వేసే హెల్పర్‌కు నడవదు. పంపు మీద అతికించే హెచ్చరిక పలకపై 'డెడ్‌హెడ్ చేయవద్దు' అని రాయకండి. 'డెలివరీ వాల్వ్ మూసి ఉంచి పంపు నడపవద్దు' అని రాయండి.