"కెమెరా పెట్టి వదిలేస్తాడు": నికొలా ఫిలిబెర్ మీద అపోహలు, వాస్తవాలు

డాక్యుమెంటరీ ఎడిటింగ్ నా వృత్తి. కొత్తగా ఈ పనిలోకి వచ్చే పిల్లలకు ఫ్రెంచ్ దర్శకుడు నికొలా ఫిలిబెర్ సినిమా ఏదైనా చూపిస్తే, "ఏముంది సార్, కెమెరా పెట్టి వదిలేశాడు" అంటారు. మిగతా అపోహలన్నీ ఇందులోంచే పుడతాయి.

అపోహ: ముందస్తు ఏర్పాటేమీ ఉండదు, ఎదురైంది తీసేస్తాడు.

స్క్రిప్టు రాసుకోడన్నది నిజమే. కానీ 2002లో వచ్చిన 'టు బి అండ్ టు హావ్' కోసం వందకు పైగా బడులు తిరిగి, చివరికి ఫ్రాన్స్‌లోని ఓవెర్న్ కొండల్లో ఒక ఏకోపాధ్యాయ పాఠశాలను ఎంచుకున్నాడు. పిల్లలు తక్కువమంది ఉంటే ఒక్కొక్కరూ ప్రేక్షకుడికి గుర్తుంటారు. వయసుల్లో తేడా ఉండాలి. లైట్లు పెట్టే అవసరం రాకుండా గదిలో వెలుతురు బాగుండాలి. సగం దర్శకత్వం అక్కడే అయిపోయింది.

అపోహ: కెమెరా ఉన్నట్టే తెలియకుండా తీస్తాడు.

చిన్న తరగతి గదిలో నలుగురు యూనిట్ సభ్యులు ఎక్కడ దాక్కుంటారు? పిల్లలకు వాళ్ళు అలవాటయ్యారు, అంతే. ఇంటర్వ్యూలు చేయడన్నదీ తప్పే. అదే సినిమాలో మాస్టారు ఆరుబయట కూర్చుని, స్పెయిన్ నుంచి వచ్చి వ్యవసాయ కూలీగా బతికిన తన తండ్రి గురించి నేరుగా దర్శకుడికే చెబుతాడు.

అపోహ: ఆయనకంటూ ప్రత్యేకమైన శైలి లేదు.

దీనికి నా జవాబు బధిరుల మీద తీసిన 1992 నాటి 'ఇన్ ది ల్యాండ్ ఆఫ్ ది డెఫ్'. మామూలుగా మేం ఎడిటింగ్‌లో ఏం చేస్తాం? మాట్లాడేవాడి గొంతు నడుస్తుండగా వినేవాడి ముఖానికి కట్ చేస్తాం. మాటలో అతుకులున్నా ఆ షాట్ కింద కప్పేస్తాం. సంకేత భాషలో ఈ ఉపాయం పనిచేయదు. చేతులూ ముఖమే అక్కడ మాట, వాటిని ఫ్రేములోంచి తీసేస్తే మనిషి నోరు నొక్కినట్టే. క్లోజప్‌కి వెళితే చేతులు పోతాయి. అందుకే చేతులకు చోటిచ్చే ఫ్రేములు, ఓపిగ్గా నిలబడే షాట్లు. ఫిలిబెర్ అంతకుముందే ఆ భాష నేర్చుకోవడం మొదలుపెట్టాడు, లేకపోతే షూటింగ్‌లో ఎక్కడ ఆపాలో కూడా తెలిసేది కాదు. ఎదురుగా ఉన్న మనుషులను బట్టి కెమెరా తీరు మారుతుంది. నేను శైలి అనేది దీన్నే.

2010లో వచ్చిన 'నెనెట్'లో ఇంకో పద్ధతి. పారిస్ జంతుశాలలోని ముసలి ఒరాంగుటాన్ మీద సినిమా. తెర మీద ఒరాంగుటాన్లే ఉంటాయి. సందర్శకులు, సంరక్షకులు గొంతులుగా మాత్రమే వినిపిస్తారు.

అపోహ: వ్యాఖ్యానం లేదు కాబట్టి దర్శకుడి అభిప్రాయమూ లేదు.

మన దగ్గర డాక్యుమెంటరీ అనగానే గంభీరమైన వాయిస్ ఓవర్ ఆశిస్తారు, ఆ బెంగ వల్ల వచ్చే మాట ఇది. బడి సినిమా మొదట్లో మంచు తుపానులో పశువులను తోలుకెళ్తుంటారు. ఆ వెంటనే ఖాళీ తరగతి గదిలో తాబేళ్ళు మెల్లగా నడుస్తాయి. బయట అంత చలి, లోపల ఇంత నింపాది. ఈ రెంటినీ పక్కపక్కన పెట్టిన మనిషికి అభిప్రాయం లేదంటారా? తన సినిమాల్లో చాలావాటిని తనే ఎడిట్ చేస్తాడు. ఈ సినిమా ఎడిటింగ్‌కు ఫ్రాన్స్ జాతీయ సినిమా పురస్కారమైన సెజార్ అవార్డు కూడా వచ్చింది.

అపోహ: ఇలాంటివి ఎవరూ చూడరు.

ఆ బడి సినిమాను ఫ్రాన్స్ థియేటర్లలో లక్షలమంది చూశారు. అంత డబ్బు వచ్చాక ఆ మాస్టారు తనకూ వాటా కావాలని కోర్టుకెళ్ళాడు. కోర్టులు ఒప్పుకోలేదు. తీర్పు సరైనదేనని నా ఉద్దేశం. తెరమీది మనిషికి జీతం ఇవ్వడం మొదలైతే అతను నటించడం మొదలుపెడతాడు. అయినా ఆ మాస్టారి బాధను కొట్టిపారేయలేను.

అపోహ: మానసిక రోగుల మీద మొదటిసారి 'ఆన్ ది ఆడమాంట్'లోనే తీశాడు.

పారిస్‌లో సేన్ నది మీద తేలే, మానసిక రోగులు పగటిపూట వచ్చి వెళ్ళే డే సెంటర్ గురించిన ఆ సినిమా 2023లో బెర్లిన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి గోల్డెన్ బేర్ గెలిచింది కాబట్టి అందరికీ అదే తెలుసు. కానీ 1990లలోనే లా బోర్డ్ అనే మానసిక చికిత్సాలయంలో రోగులు నాటకం వేసుకోవడాన్ని తీశాడు. వాళ్ళను తెరమీద చూపించడం సబబేనా అని మొదట్లో వెనకాడాడు కూడా. 'ఆడమాంట్' తర్వాత 2024లో మరో రెండు వచ్చాయి. ఒకటి ఎక్కువగా ఆసుపత్రిలో రోగులూ డాక్టర్ల మధ్య సాగే సంభాషణలు. రెండోదానిలో సిబ్బంది రోగుల ఇళ్ళకు వెళ్ళి టైప్‌రైటర్ లాంటి పాడైన వస్తువులు బాగుచేస్తారు. నాకు ఈ రెండోదే ఎక్కువ నచ్చింది.