అమ్మ పాత్రకు మన యాస రావడానికి ఎందుకింత కాలం పట్టింది

సీరియల్లో మేనత్త పాత్రకో పనిమనిషి పాత్రకో మనిషి కావాలంటే ఇప్పుడు "తెలంగాణ యాస వచ్చా?" అని అడుగుతున్నారు. నల్లగొండ, పాలమూరు నుంచి వెళ్లిన ఆడవాళ్లకు చాన్నాళ్లు ఆ యాసే అడ్డమైంది.

సినిమా మద్రాసులో ఉన్నప్పుడు అమ్మ, వదిన, గయ్యాళి అత్త వేషాలకు ఎక్కువగా కోస్తా నాటకరంగం నుంచే మనుషులు వచ్చేవాళ్లు. మన దిక్కు ఆట లేక కాదు. ఒగ్గు కథ, చిందు బాగోతం ఊరూరా ఉన్నవే. సాయుధ పోరాటం నాడు సుద్దాల హనుమంతు గొల్లసుద్దులు నల్లగొండ పల్లెల్లో మోగాయి. కానీ ఆ ఆటకూ స్టూడియోకూ మధ్య దారి లేదు. 1976లో అన్నపూర్ణ స్టూడియో, 1977లో హైదరాబాద్ దూరదర్శన్ వచ్చాక పొద్దున బస్సెక్కి షూటింగ్‌కు పోయి రాత్రికి ఇల్లు చేరే వీలు కలిగింది.

ఈ కథలో ముందు చెప్పాల్సింది తెలంగాణ శకుంతల గురించి. ఆమె పుట్టింది మరాఠీ కుటుంబంలో. అయినా ఇక్కడి మాట అంత బాగా పలికింది కాబట్టి ఊరి పేరు కాదు, ఏకంగా ప్రాంతం పేరే ఇంటిపేరైంది. 1979 నాటి 'మాభూమి'తో సినిమాల్లోకి వచ్చింది. అందరి నోళ్లలో పడింది మాత్రం 2001లో 'నువ్వు నేను' తర్వాతే. అంటే ఇరవై ఏళ్లు దాటాక! 2003లో 'ఒక్కడు'లో విలన్ తల్లిగా సీమ యాసలో గర్జించింది. నవ్వించడానికో భయపెట్టడానికో ఆమెను పిలిచారు గానీ, కన్నీళ్లు పెట్టించే అమ్మగా పిలిచింది తక్కువ. ఆమెలో లోపం ఏమీ లేదు, రాసేవాళ్ల చెవిలో ఉంది. తెలంగాణ వచ్చిన పన్నెండు రోజులకే, 2014 జూన్ 14న ఆమె కన్నుమూసింది.

ఇంకో తిరకాసు ఉంది. తెర మీద 'తెలంగాణ యాస' అంటే ఒకటే మూస, హైదరాబాద్ మాటకు కాస్త వరంగల్ కలిపినట్టు. అలంపూర్‌లో తుంగభద్ర దాటితే కర్నూలే. గద్వాల మాటలో సీమ వాసన ఉంటుంది. కోదాడ, హుజూర్‌నగర్ వైపు కృష్ణా జిల్లా పలుకు తగులుతుంది. ఆ ఊళ్ల అమ్మాయి తన ఇంటి మాటే మాట్లాడితే "ఇది తెలంగాణలా లేదే" అంటారు. నన్నడిగితే, యాసను ఎగతాళి చేయడం కంటే ఈ మూసే ఎక్కువ నష్టం.

మార్పు స్పష్టంగా కనిపించింది 2019లో 'మల్లేశం'తో. ఆలేరు ప్రాంతపు చేనేత కార్మికుడు చింతకింది మల్లేశం కథ అది. ఒక్క చీరకు ఆసు పోయాలంటే, అంటే నేతకు ముందు దారాన్ని మేకుల చుట్టూ తిప్పాలంటే, చెయ్యి దాదాపు 9,000 సార్లు అటూ ఇటూ తిరగాలి. ఆ పనితో భుజం పడిపోయిన తల్లిగా ఝాన్సీ నటించింది. యాంకర్‌గా ఇంటింటికీ తెలిసిన మనిషి. అయినా ఆ పాత్రలో యాంకర్ కనిపించదు. నొప్పి ఓర్చుకుంటూ ఆసు దగ్గర కూర్చున్న నల్లగొండ తల్లే కనిపిస్తుంది. నవ్వు కోసం కాకుండా బాధ కోసం మన యాస వాడితే ఎలా ఉంటుందో అప్పుడు తెలిసింది.

సీరియళ్ల లెక్క వేరే. కెమెరా పక్కన అసిస్టెంట్ డైలాగ్ అందిస్తుంటే వింటూనే నటించాలి, దాన్నే ప్రామ్టింగ్ అంటారు. పక్క రాష్ట్రాల నుంచి వచ్చిన హీరోయిన్లకు అది వరం, ఎందుకంటే గొంతు ఎలాగూ డబ్బింగ్‌లో మారుతుంది. పాలమూరు నుంచి వచ్చిన సహాయ నటికి మాత్రం ఉన్న ఆస్తే గొంతు. దాన్ని కూడా వేరొకరితో చెప్పిస్తే ఆమెకు ఏం మిగిలినట్టు? పారితోషికం రోజు లెక్కన, అదీ పాత్ర ఉన్న రోజులకే. రేటింగ్ పడిపోతే మేనత్తను తీర్థయాత్రకు పంపేస్తారు. తిరిగి రప్పించాలో వద్దో ఛానెల్ వాళ్లు చూసుకుంటారు.